ముప్పైకి తగ్గకుండా

నవంబరు 4

డాక్టరు చెప్పాడు కాబట్టి రాస్తున్నాను. కోపం వచ్చినప్పుడు పిల్లల మీద అరవకుండా ఇంటికి వచ్చి కాగితం మీద అరుచుకోమన్నాడు. బీపీ మాత్ర రోజుకు ఒకటే వేసుకోవాలి, డైరీ ఎంత రాసుకున్నా ప్రమాదం లేదట. ఇది ఇన్సూరెన్సు ఏజెంటు ఇచ్చిన డైరీ, మూడేళ్ళ కిందటిది. తేదీలు కొట్టేసి వాడుకుంటున్నాను. నలభై ఆరేళ్ళు వచ్చిన లెక్కల మాస్టారు దొంగచాటుగా డైరీ రాస్తున్నాడని తెలిస్తే అరుణ నెల రోజులు నవ్వుతుంది. అందుకని బీరువాలో పాత జవాబు పత్రాల కింద పెడుతున్నాను. అక్కడ ఎవరూ చెయ్యి పెట్టరు, నేను కూడా పెట్టను.

ఇవాళ్టి కోపం అసమీకరణాలు. మొన్న ట్రైనింగులో చెప్పారు, పిల్లల నిత్యజీవితం నుంచి లెక్కలు తయారుచేసి, వాటిని అసమీకరణాలుగా రాయించి సాధింపజేయాలని. చెప్పినతను బోర్డు మీద ఆపిల్ పండ్ల లెక్క వేశాడు. మా బడి కౌతాళం మండలంలో ఉంది. మా పిల్లల నిత్యజీవితంలో ఆపిల్ జ్వరం వచ్చినప్పుడే కనబడుతుంది. ఈ మాత్రం నేను చెయ్యలేనా అనుకుని సొంతంగా ఒక లెక్క తయారుచేశాను.

"ఒక ఆటోలో ఎక్కువలో ఎక్కువ ఆరుగురు ఎక్కవచ్చు. ఇరవై మూడు మంది ఆదోని పోవాలి. కనీసం ఎన్ని ఆటోలు కావాలి?"

ఎనిమిదో తరగతి అంతా ఒక్కసారిగా "రెండు సార్" అంది. నాలుగు రావాలి. ఎలా రెండు అని అడిగాను.

"ఎనక పదిమంది, డ్రైవరుకు అటొకరు ఇటొకరు సార్. పన్నెండు."

"రెండు పన్నెండ్లు ఇరవై నాలుగు. ఇంకా ఒక సీటు మిగుల్తాది సార్."

ఆరుగురే ఎక్కాలి, అది చట్టం అన్నాను. చట్టం ప్రకారం పోయే ఆటో యాడుంది సార్, మేం సూడలే అన్నారు. నేను అరిచాను. అందుకే ఈ పేజీ.

నవంబరు 6

హెడ్‌మిస్ట్రెస్ సుభద్రమ్మ గారు పిలిచి ఒక కాగితం చూపించారు. వలసపోయే కుటుంబాల పిల్లల కోసం బడిలోనే నాలుగు నెలల హాస్టలు. తిండి, పక్క, చదువు అన్నీ అక్కడే. షరతు ఒకటే. ముప్పైకి తగ్గకుండా పిల్లల అంగీకార పత్రాలు ఇరవయ్యో తారీఖులోగా మండల విద్యా ఆఫీసుకు చేరాలి. పిల్లకొక కాగితం, దాని మీద తల్లిదో తండ్రిదో సంతకం లేకపోతే వేలిముద్ర.

"ఆడపిల్లల దగ్గర నేను పడుకుంటాను. మగపిల్లల దగ్గర మీరు పడుకోవాలి మహేశ్వర్ గారూ," అన్నారు.

ఆవిడకు యాభై ఎనిమిది. ఆవిడే పడుకుంటానంటుంటే నేను వద్దనడం ఎలా? "తప్పకుండా మేడం, పిల్లల కోసం ఏదైనా చేస్తాను," అన్నాను. ఆ మాట నా నోటి నుంచి ఎంత గట్టిగా వచ్చిందంటే అటెండరు తొంగి చూశాడు.

నాలుగు నెలలు అంటే సుమారు నూట ఇరవై రాత్రులు. బండ మీద చాప. ఇంట్లో నాకు మోకాళ్ళ కోసం కమోడు పెట్టించుకున్నాం. బడిలో ఉన్నది కూర్చుని లేచేవాళ్ళ కోసం కట్టింది. కూర్చోవడం వరకు నేను చెయ్యగలను.

నవంబరు 7

మోకాలి నొప్పి కొంచెం ఎక్కువైంది.

నవంబరు 8

మోకాలు. అరుణ యెమ్మిగనూరు ఆస్పత్రిలో నర్సు. రోజూ బస్సులో పోయి వస్తుంది, పొద్దస్తమానం నిలబడే ఉంటుంది. నా మోకాలు ఒత్తి చూసి, "బ్యాడ్మింటన్ ఆడేటప్పుడు నొప్పి లేదా?" అంది. లేదని నిజమే చెప్పాను. అది వేరే రకం నొప్పి అని కూడా చెప్పాను. ఆమె నవ్వుతూ అన్నం వడ్డించింది. ఆ నవ్వు నాకు నచ్చలేదు.

నవంబరు 11

ఇవాళ క్లాసు బాగా జరిగింది. గొప్ప నాది కాదు.

అసమీకరణాన్ని రుణసంఖ్యతో గుణిస్తే గుర్తు తిరగబడుతుంది. రెండు కంటే మూడు పెద్దది, కానీ మైనస్ రెండు కంటే మైనస్ మూడు చిన్నది. ఎందుకు అని పిల్లలు అడిగితే ఇరవై రెండేళ్ళుగా "అది రూలు" అని చెప్పి బతికిపోతున్నాను. ఇవాళ కూడా అదే చెప్పబోయాను. చివరి బెంచీలోంచి అశ్విని లేచింది.

"సార్, మా బోరు మూడొందల అడుగులు, పక్క సేనోళ్ళది రెండొందలు. లోతు సూస్తే మాది ఎక్కువ. భూమి మీంచి సూస్తే మా నీళ్ళే కింద ఉండాయి. అట్లనేనా?"

అంతే అన్నాను. క్లాసుకంతా అర్థమైంది. నాకు కూడా.

ఈ పిల్ల నిరుడు నవంబరులో తల్లితో గుంటూరు పక్క పత్తి ఏరడానికి, ఆ తర్వాత మిరప కోతకు పోయింది. మార్చి చివర్లో వచ్చింది. అప్పటికి క్లాసు భిన్నాలు దాటి, సమీకరణాలు దాటి పోయింది. అప్పటి నుంచి చివరి బెంచీలో కూర్చుంటుంది. ఈ ఏడు కూడా నాలుగు నెలలు పోతే ఇక బడికి రాదు. ఇది నా ఊహ కాదు. ఆ బెంచీలో అలా కూర్చుని ఆగిపోయినవాళ్ళ పేర్లు నాకు వరసగా గుర్తున్నాయి.

నవంబరు 14

సుభద్రమ్మ గారి పోరు పడలేక అశ్విని ఇంటికి పోయాను. వాళ్ళది ఊరి చివర చర్చి వెనక పేట. తల్లి భీమమ్మ చేను నుంచి అప్పుడే వచ్చి కాళ్ళు కడుక్కుంటోంది. భర్త లేడు. ఉన్నది ఇద్దరే. హాస్టలు సంగతి చెప్పాను.

"నేను పోతే బిడ్డను యాడ ఇడిసిపోవాల సారూ? అందుకే ఎంటబెట్టుకొని పోతాండా గానీ, దాని చేతుల కోసం కాదు. అదేమన్నా మోయలేనంత ఏరుతాదా?"

హాస్టల్లో పెద్దవాళ్ళు ఉంటారని చెప్పాను.

"ఎవురుంటారు?"

"మేడం గారు ఉంటారు. నేనూ ఉంటాను."

"నువ్వు ఈడనే పండుకుంటావా సారూ?"

పడుకుంటానన్నాను. కాగితం మీద ఆమె పేరు చూపించమంది. చూపించాను. ఇంకుతో తడిపిన గుడ్డ మీద వేలు అద్ది, కాగితం మీద గట్టిగా నొక్కి, వేలు తీశాక వంగి చూసుకుంది. మొదటి కాగితం అది.

మిగతా ఇళ్ళకు నేను పోలేదు. అందరూ చేలనుంచి వచ్చేసరికి ఆరు దాటుతుంది. ఐదున్నరకు నేను ఆదోనిలో ఉండాలి. బ్యాడ్మింటన్ కోర్టు ఆరింటికి పట్టుకోకపోతే దొరకదు. అందుకని భీమమ్మ కాగితంతో సహా కట్టంతా హుసేనప్పకు అప్పజెప్పాను. హుసేనప్ప వలస కూలీల మేస్త్రీ. ఎవరు ఏ లారీలో ఎక్కాలో ఆయనే చెబుతాడు, ఎలాగూ ఇల్లిల్లూ తిరుగుతాడు. మనుషుల్ని సరిగ్గా వాడుకోవడం కూడా ఒక తెలివి.

నవంబరు 17

కొత్త లెక్క. "ఒక్కొక్క బస్తాలో కనీసం నలభై కిలోల పత్తి పట్టాలి. రెండు వందల కిలోలకు ఎక్కువలో ఎక్కువ ఎన్ని బస్తాలు?" తడి పత్తా, ఎండు పత్తా అన్నారు. తడిపత్తి అయితే మార్కెట్ యార్డులో వెనక్కి కొడతారట. ఎండుపత్తి అన్నాను. అయితే కాళ్ళతో తొక్కుతారా లేదా అన్నారు. చివరికి ఐదు అని నేనే చెప్పి గంట కొట్టించుకున్నాను.

నవంబరు 20

పొద్దున బడికి వచ్చే దారిలోనే హుసేనప్ప ఎదురొచ్చి కట్ట ఇచ్చాడు. పత్తి దారంతో అడ్డం నిలువు కట్టాడు. ఆదోని యార్డులో ఇరవై ఏళ్ళు హమాలీగా చేసినవాడు, ఆయన ముడి వేస్తే కొడవలితో కోయాలి.

"ఎన్ని హుసేనప్పా?"

"ఇరవై తొమ్మిది సారూ."

అక్కడి నుంచే సుభద్రమ్మ గారికి ఫోను చేసి ఇరవై తొమ్మిది అని చెప్పాను. ఒక్కటి తగ్గింది. ఇరవై తొమ్మిది ముప్పై కంటే తక్కువ. షరతుకు సరిపోదు. లెక్క లెక్కే.

నాకు నిజంగా బాధ కలిగింది. చేయగలిగిందంతా చేశాను. కట్ట విప్పలేదు. విప్పాల్సిన పని లేదు.

సాయంత్రం ఆట బాగా కుదిరింది.

అరుణ వచ్చి మంచం మీద ఆ కాగితాలేంటి అని అడిగింది. సిలబస్ అన్నాను.

నవంబరు 21

ఆఫీసుకు ఇరవై తొమ్మిది అని పోయింది. ఈ ఏడు హాస్టలు లేదు. సుభద్రమ్మ గారు ప్రార్థన సమయంలో పిల్లలకు చెప్పారు, ఒక్క కాగితం తగ్గిందని. చేయగలిగిందంతా చేశాం అన్నారు. నేనూ తల ఊపాను.

నవంబరు 22

చేయగలిగిందంతా చేశాను.

నవంబరు 25

మోకాలు పూర్తిగా తగ్గింది. ఆశ్చర్యం.

నవంబరు 27

మొదటి లారీ పోయింది. పొద్దున ఎనిమిదింటికి బడి ముందే ఆగింది. బస్తాలు, గిన్నెలు, చాపలు, రెండు మేకలు. వాటి మీద మనుషులు. మా బడి పిల్లలు ఆరుగురు. అశ్విని పైన కూర్చుంది, ఒళ్ళో బడి సంచి పెట్టుకుంది. పుస్తకాలు ఎందుకు తీసుకుపోతున్నావని అడుగుదామనుకున్నాను. ఏమని జవాబు చెబుతుందో తెలుసు కాబట్టి అడగలేదు.

భీమమ్మ నా వైపు చూసింది. చూసి తల తిప్పుకుంది. నమస్కారం పెట్టలేదు. లారీ ఎక్కే హడావుడిలో ఉంది కదా.

నవంబరు 28

చివరి బెంచీ ఖాళీ. ఒకణ్ణి లేపి అక్కడ కూర్చోబెట్టాను.

నవంబరు 30

ఆదివారం లాంటి రోజు. ఆదివారమేనా? డైరీలో వారాలు పాతవి. అరుణ అడిగింది, ఏం ఈమధ్య అన్నం సరిగ్గా తినడం లేదని. బీపీ అన్నాను. బీపీకి ఆకలి తగ్గదు అంది. నర్సును చేసుకుంటే ఇదే కష్టం.

డిసెంబరు 1

హుసేనప్ప రెండో లారీ పనిమీద ఊళ్ళో ఉన్నాడు. మధ్యాహ్నం తిన్నగా సుభద్రమ్మ గారి గదిలోకి వచ్చాడు. నేను అక్కడే ఉన్నాను.

"మేడం, ముప్పై కాగితాలు ఇస్తి గదా. ఒకటి ఎట్ల తగ్గె? పేటలో ఆడోళ్ళు నన్ను అడుగుతాండారు."

"మీరే ఇరవై తొమ్మిది అన్నారట కదా?"

"అవు. ఇరవై తొమ్మిది అంటే ముప్పై గదా."

సుభద్రమ్మ గారు నన్ను చూశారు. నేను హుసేనప్పను చూశాను. ఆయన ఏడుపు ముఖంతో విడమరిచి చెప్పాడు. మొదటి దాన్ని ఆయన "లాభం" అంటాడు. వడ్లు కొలిచేటప్పుడు మొదటి కొలతను లాభం అనడం అందరికీ తెలిసిందే, కానీ అందరూ తర్వాత "రెండు" అంటారు. ఈయన తర్వాత "ఒకటి" అంటాడు. వాళ్ళ నాయన అలా లెక్కపెట్టేవాడట. బస్తాలైనా, బుట్టలైనా, లారీ ఎక్కే మనుషులైనా లాభం, ఒకటి, రెండు. లాభం లెక్కలోకి రాదు. ఊరంతటికీ ఈ సంగతి తెలుసు. హుసేనప్ప ఎంత చెబితే దానికి ఒకటి కలుపుకుంటారు. పదేళ్ళుగా ఆ ఊరికి పోయి వస్తున్న లెక్కల మాస్టారికి తప్ప అందరికీ తెలుసు.

"మీరు కట్ట విప్పి చూడలేదా?" అన్నారు సుభద్రమ్మ గారు.

"లేదు మేడం. ఆయన మాట నమ్మాను."

కట్ట నా అరలోనే ఉంది. ఆవిడ తెప్పించి లెక్కపెట్టారు. ముప్పై. అన్నిటికంటే పైన భీమమ్మ వేలిముద్ర. ముప్పై ముప్పైకి తగ్గదు, సమానం. సంఖ్యారేఖ మీద ముప్పై దగ్గర చుక్కను నింపి పెట్టాలి, ఖాళీగా ఉంచకూడదు. నేనే చెప్పే పాఠం.

ఆవిడ అక్కడికక్కడే ఆఫీసుకు ఫోను చేశారు. అవతలివాళ్ళు చాలాసేపు విసుక్కున్నారు. చివరికి, తొమ్మిదో తారీఖున ముప్పైమంది పిల్లలు కంటికి కనబడితే తెరవండి, ఒక్కరు తగ్గినా వద్దు అన్నారట. ఇరవై నాలుగు మంది ఊళ్ళోనే ఉన్నారు. ఆరుగురు గుంటూరు పక్క ఉన్నారు.

డిసెంబరు 2

తప్పు నాది కాదు. నిన్నటి నుంచి ఎంత తేలికగా ఉందో చెప్పలేను. ఇది లెక్కపెట్టే పద్ధతుల మధ్య తేడా. ఎవరైనా పొరబడతారు. స్టాఫ్ రూములో అందరూ నవ్వుకున్నాం. ఒకాయన, "ఇరవై తొమ్మిది అంటే ముప్పై" అని హుసేనప్ప గొంతుతో చెప్పి చూపించాడు. అందరికంటే గట్టిగా నేనే నవ్వాను. రాత్రి రెండు ముద్దలు ఎక్కువ తిన్నాను.

డిసెంబరు 3

పొద్దున బడి గేటు దగ్గర లారీలోకి బస్తాలు ఎక్కిస్తున్నారు. హుసేనప్ప నిలబడి లెక్కపెడుతున్నాడు. "ఒకటి" అన్నాడు. లాభం అనలేదు. ఎక్కించేవాళ్ళు ఆగి ఆయన వైపు చూశారు. మళ్ళీ "ఒకటి" అన్నాడు.

నన్ను చూసి దగ్గరికి వచ్చాడు. "నా నోటి వల్ల బిడ్డలు పోయిరి సారూ. రేపు నేనే పోయి ఆరుగురినీ తోలుకొస్తా. మా నాయన నేర్పించిన లెక్క, ఇంత పని చేస్తాదని నాకు తెలీకపాయె. నా మింద కోపం పెట్టుకోవద్దు."

అరవై ఏళ్ళ మనిషి నా ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

రాస్తాను. కట్ట విప్పాను. ఇరవయ్యో తారీఖు సాయంత్రం ఇంటికి వచ్చి, ఆ ముడితో పావుగంట పెనుగులాడి, దారం కోసి, కాగితాలు మంచం మీద పరిచి లెక్కపెట్టాను. ముప్పై వచ్చాయి. మళ్ళీ లెక్కపెట్టాను. లెక్కల మాస్టారిని కదా, మూడోసారి కూడా పెట్టాను. ముప్పై. అప్పటికింకా ఆఫీసుకు ఏమీ పోలేదు. ఒక్క ఫోను చేస్తే సరిపోయేది. సుభద్రమ్మ గారి నంబరు దగ్గర బొటనవేలు పెట్టుకుని కూర్చున్నాను. నూట ఇరవై రాత్రులు, ఆ బండ, ఆ చాప గుర్తొచ్చాయి. ఇరవై తొమ్మిది అన్నది హుసేనప్పే కదా, నేను కాదు కదా అనుకున్నాను. ఇంతలో అరుణ వచ్చింది. కాగితాలు ఎత్తి కొత్త దారంతో కట్టేశాను.

ఎవరూ చదవని పుస్తకంలో కూడా విప్పలేదని రాసుకున్నాను. ఎవరికి భయపడ్డానో ఇప్పుడు తిప్పి చూసినా తెలియడం లేదు. నాకు సిగ్గుగా ఉంది.

మధ్యాహ్నం సుభద్రమ్మ గారి గదికి పోయి చెప్పాను. ఆవిడ టీ తాగుతున్నారు. నేను చెప్పడం అయ్యాక టీ మొత్తం తాగి, గ్లాసు పక్కన పెట్టారు.

"ఇరవయ్యో తారీఖు నుంచి పదమూడు రోజులైంది మహేశ్వర్ గారూ."

"అవును మేడం."

"రేపు హుసేనప్పతో మీరు కూడా పొండి. తొమ్మిదో తారీఖుకు మీ చాప మీరు తెచ్చుకోండి. బడిలో ఉన్నవి పిల్లలకే సరిపోతాయి."

డిసెంబరు 4

అరుణకు చెప్పాను. అంతా విని, "సిలబస్ ఎప్పట్నుంచి వేలిముద్రలతో వస్తోందా అనుకున్నాను," అంది. ఆమెకు ఆ రోజే అనుమానం. ఎందుకు అడగలేదంటే, "మీరే చెబుతారేమో అని చూశాను," అంది. బ్యాగు ఆమే సర్దింది. మోకాలి పట్టీ పెట్టలేదు. నేను కూడా అడగలేదు.

డిసెంబరు 6

గుంతకల్లులో రైలు మారి, గుంటూరులో దిగి, రెండు బస్సులు, ఒక ఆటో. ఆటోలో మొత్తం పదమూడు మందిమి, డ్రైవరు కాక. నేను డ్రైవరుకు ఎడమ పక్క.

రైల్లోనే హుసేనప్పకు చెప్పాను, తప్పు ఆయనది కాదని, నేను ఆ సాయంత్రమే లెక్కపెట్టానని. ఆయన తిడతాడేమో అని చూశాను. "అయితే మా నాయన లెక్క వల్ల కాదు," అన్నాడు. కాదు అన్నాను. రెండు స్టేషన్లు దాటాక సంచిలోంచి రొట్టె తీసి సగం నాకు ఇచ్చాడు.

పత్తి చేను పక్కన పట్టలతో వేసిన గుడిసెలు. ఐదుగురు పిల్లల తల్లిదండ్రులు మాట చెప్పగానే ఒప్పుకున్నారు, అప్పటికప్పుడే గుడ్డలు మూటగట్టారు. భీమమ్మ మాత్రం ఏరుతూనే ఉంది. నేను సాలులోకి దిగి ఆమె వెనక నడిచాను.

"మొదటి ఏలిముద్ర నాదే గదా సారూ?" అంది, చేతులు ఆపకుండా.

"నీదే."

"హుసేనప్ప ఇరవై తొమ్మిది అన్నాడంటే ముప్పై అని నాకు తెల్సు. బడిలోనేమో ఇరవై తొమ్మిదే అనిరి. అయితే ఒకటి ఎవరో తీసి పారేసినారు. ఎవరిది తీస్తారు? పేటలోది, మొగోడు లేని ఇల్లు, అందరికంటే పైనుండే కాగితం. నాదే తీసినారు అనుకుంటి. అడిగేకి మేమెవురం అని ఊరికే లారీ ఎక్కితిమి."

ఆ రోజు లారీ దగ్గర ఆమె తల ఎందుకు తిప్పుకుందో అప్పుడు తెలిసింది. హడావుడి అని రాసుకున్నాను నేను.

హుసేనప్ప వెనక నుంచి ఏదో అనబోయాడు. నేను ఆగమన్నాను.

"ఎవరూ తీయలేదు భీమమ్మా. ముప్పై ఉన్నాయి. ఆ సాయంత్రమే లెక్కపెట్టాను. తెలిసి కూడా చెప్పలేదు."

ఆమె చేతులు ఆగాయి. "యాల?"

"హాస్టలు వస్తే నేను బడిలో పడుకోవాలి. ఇంట్లో అయితే సుఖంగా ఉంటుంది. అందుకని."

"అంతేనా?"

"అంతే."

నన్ను పైనుంచి కిందిదాకా చూసింది. అంత చిన్న కారణానికి ఆమె సిద్ధంగా లేదు. ఆమె అనుకున్న కారణం పెద్దది, పాతది, దాన్ని మోసుకునే ఇంత దూరం వచ్చింది. నాదేమో ఒక కమోడు.

"థూ," అంది. నన్నే అంది.

తర్వాత కొంగుతో ముఖం తుడుచుకుని అశ్వినిని కేకేసింది. పిల్ల రెండు సాళ్ళ అవతల ఉంది. ముళ్ళలాంటి పత్తికాయ కొసలు గీరుకుని వేళ్ళ చివర్లు పగిలి ఉన్నాయి. వారం పదిరోజుల్లోనే.

"నా బిడ్డ నడిరాత్రి లేసి సూసినా నువ్వు ఆడ ఉండాల. ఉంటావా?"

ఈసారి పడుకుంటాననలేదు. ఉంటానన్నాను.

"మల్ల ఇట్లాంటి పని చేస్తే, సారు అని కూడా సూడను."

చేయనన్నాను. ఆమె నమ్మిందో లేదో తెలియదు. పిల్లను మాత్రం పంపింది. బడి సంచి గుడిసెలో చూరుకు తగిలించి ఉంది, అశ్విని పోయి తెచ్చుకుంది.

డిసెంబరు 9

ముప్పైమంది. ఆఫీసు నుంచి వచ్చినాయన రెండుసార్లు లెక్కపెట్టాడు. హుసేనప్ప గోడ దగ్గర నిలబడి పెదవులు కదుపుతూ తనూ లెక్కపెట్టాడు. ఎలా మొదలుపెట్టాడో వినబడలేదు.

చాప నేనే తెచ్చుకున్నాను. అరుణ దుప్పటి కింద ఒక మోకాలి పట్టీ పెట్టింది.

డిసెంబరు 10

కూర్చున్నాను. లేవడానికి తలుపు గొళ్ళెం పట్టుకున్నాను. గొళ్ళెం ఊడి వచ్చింది. ఇంతకంటే రాయను.

డిసెంబరు 11

ఇవాళ లెక్కలు నేను తయారుచేయలేదు. మీకు తెలిసిన సంగతి మీదే మీరే ఒక్కొక్కటి రాయండి, బాగున్నది బోర్డు మీద వేస్తాను అన్నాను. ఆటోలు, బస్తాలు, బిందెలు వచ్చాయి. అశ్విని కాగితం చివర్లో వచ్చింది. చదివి మడిచి జేబులో పెట్టుకుందామనుకున్నాను. జేబు దాకా చెయ్యి పోయింది కూడా. పిల్ల నన్నే చూస్తోంది. ముందు బెంచీలో కూర్చుంది ఇవాళ.

బోర్డు మీద ఉన్నది ఉన్నట్టు రాశాను.

"ఒక సారు దగ్గర ముప్పై కాగితాలు ఉన్నాయి. ఆయన నిజం చెప్పడానికి పదమూడు రోజులు పట్టింది. వచ్చేసారి అంతకంటే తక్కువ రోజుల్లో చెప్పాలి. అసమీకరణం రాసి సాధించండి."

ఎవరూ నవ్వలేదు. అందరికీ తెలుసన్నమాట. సుద్దముక్క తీసుకుని, రోజుల సంఖ్య x అనుకుందాం అన్నాను. తర్వాత x < 13 అని రాశాను. సంఖ్యారేఖ గీసి, పదమూడు దగ్గర చుక్క నింపాలా, ఖాళీగా ఉంచాలా అని అడిగాను.

"ఖాళీగా సార్. పదమూడు పనికిరాదు."

"పన్నెండు?"

"పనికొస్తాది గానీ బాగుండదు సార్," అన్నాడు ఒకడు. అప్పుడు నవ్వారు. నేనూ నవ్వాను.

అశ్విని చెయ్యెత్తింది. వేళ్ళ చివర్లు ఇంకా మానలేదు.

"సార్, రోజులు గాబట్టి మైనస్ రాదు గదా?"

"రాదు."

"సున్నా వస్తాదా సార్?"

వస్తుంది అన్నాను.

"సున్నా అంటే ఎట్ల సార్?"

"తెలిసిన రోజే చెప్పేయడం."

ఆమె తల వంచుకుని నోటుబుక్కులో అది రాసుకుంది. మిగతావాళ్ళు కూడా రాసుకున్నారు. అందరూ రాయడం అయ్యేదాకా బోర్డు తుడవకుండా నిలబడ్డాను.